నూట ఎనభై వాయిదాల ఇల్లు

మా ఇంటి ఓనరు పిన్నిగారు పోయారు. పోయిన నెల ఒక మంగళవారం పొద్దున, గుడివాడలో డ్యూటీకి బయల్దేరబోతూ తన గది గుమ్మంలోనే కూలబడిపోయారట. ఆస్పత్రికి చేర్చేలోపే ప్రాణం పోయింది. గుండెపోటన్నారు. ఆవిడతో పాటు పనిచేసే కండక్టరమ్మ ఒకావిడ నాకు ఫోన్ చేసి ఈ సంగతి చెప్పారు. చెప్పి, "ఆవిడ ఫోన్లో మీ నంబరు 'మా ఇల్లు' అని ఉందండి. ఇంట్లోవాళ్ళనుకుని ముందు మీకే చేశాను" అన్నారు. మేం ఇంట్లోవాళ్ళం కాదు, ఇంట్లో అద్దెకున్నవాళ్ళం అని చెప్పడానికి నాకు నోరు రాలేదు.

పిన్నిగారు గుడివాడ డిపోలో బస్సు కండక్టరు. బందరులో మేముంటున్న రెండు గదుల డాబా ఆవిడది. పదహారేళ్ళుగా మేం ఇందులో అద్దెకుంటున్నాం. ఆవిడేమో గుడివాడలో ఒక గది అద్దెకు తీసుకుని ఉండేవారు. సొంతిల్లు ఒకళ్ళకి అద్దెకిచ్చి, తను ఇంకొకళ్ళ ఇంట్లో అద్దెకుండటం ఏమిటని మొదట్లో నాకు వింతగా ఉండేది. అందులో వింతేం లేదు. ఇల్లు బ్యాంకు లోనుతో కొన్నారు. మా అద్దె కలిస్తేనే నెలవాయిదా కట్టగలరు. తనే వచ్చి ఉంటే అద్దె రాదు, అద్దె రాకపోతే వాయిదా కట్టలేరు.

దివిసీమలో సముద్రం పక్క పల్లె ఆవిడది. పసితనంలో వచ్చిన ఉప్పెనకి వాళ్ళ గుడిసె నడిమి నిట్రాడి గుంజ కూడా మిగల్లేదట. పెళ్ళయిన నాలుగేళ్ళకే భర్త పోయారు, పిల్లల్లేరు. ఉద్యోగం వచ్చాక జీతంలో సగం మంచం పట్టిన తల్లి మందులకీ, వేటకెళ్ళే తమ్ముడి సంసారానికీ పోయేది. అయినా నలభయ్యో ఏట పంతం పట్టి ఇల్లు కొన్నారు. పది లక్షల లోను, పదిహేనేళ్ళ గడువు, నూట ఎనభై వాయిదాలు. వాయిదా పదివేలకి ఐదు రూపాయలు తక్కువ.

"నూటికి డెబ్బైమూడు పైసల వడ్డీ టీచరమ్మా" అని మొదటినెల గొప్పగా చెప్పారు నాకు. "మావాళ్ళు వలలు కొనుక్కోడానికి మూడు రూపాయలకి తెస్తారు. బ్యాంకోళ్ళు ఊరికే ఇచ్చినట్టే కదండీ."

మా వైపు వడ్డీ అంటే నూటికి నెలకి ఎన్ని రూపాయలని లెక్క. బ్యాంకువాళ్ళు ఏడాదికి ఇంత శాతమని చెబితే, ఆవిడ దాన్ని పన్నెండుతో భాగించి పైసల్లోకి మార్చుకున్నారు. అప్పుడది మరీ చవకగా కనబడింది. మాకూ అలాగే కనబడింది. మా ఆయన చిలకలపూడిలో రోల్డ్‌గోల్డ్ నగల షాపులో గుమస్తా. ఆ షాపువాళ్ళు సరుక్కి రెండు రూపాయల వడ్డీకి తెస్తారు. డెబ్బైమూడు పైసలని వినగానే ఆయన "అదృష్టవంతురాలు" అన్నారు. ఎంత చవక వడ్డీ అయినా పదిహేనేళ్ళు నడిస్తే ఎంతవుతుందో ముగ్గురిలో ఒక్కరమూ లెక్క వెయ్యలేదు. ఆ డెబ్బైమూడు పైసలు చివరిదాకా డెబ్బైమూడే ఉంటాయని కూడా మాకు మేమే అనేసుకున్నాం.

నెల మొదటివారంలో బందరు ట్రిప్పు పడినరోజు అద్దె కోసం వచ్చేవారు. బస్సు స్టాండులో అరగంట ఆగేది. స్టాండు వెనక రెండు వీధులు నడిస్తే ఇల్లు. భుజాన సంచీ, చీర మీద ఖాకీ కోటు, మొహమంతా చెమట. గేటు తన చేత్తో తీసేవారు కాదు. బయట నిలబడి "టీచరమ్మా, రావచ్చా?" అని అడిగేవారు. నేను బళ్ళో ఇంగ్లీషు చెబుతాను కాబట్టి అలా పిలిచేవారు. "మీ ఇల్లే కదండీ పిన్నిగారూ" అంటే, "కాయితాలు బ్యాంకులో ఉన్నాయి, లోపల మీరున్నారు, మధ్యలో నాదేముందండీ" అని నవ్వేవారు.

లోపలికొచ్చాక ఒక్కటే అడిగేవారు, అదీ గొంతు తగ్గించి. "ఒక్కసారి బాత్రూముకి వెళ్ళొచ్చా?" అని. ఆడ కండక్టర్ల బాధ ఆవిడ చెప్పేదాకా నాకు తెలీదు. దారిలో ఎక్కడా వీలుపడదని పొద్దుటినుంచీ మంచినీళ్ళు కూడా తాగకుండా ఉంటారట. బయటికొచ్చాక చెంబుడు నీళ్ళు గటగటా తాగి, వరండాలో కుర్చీలో కూర్చుని, పక్కనున్న గోడకి అరచెయ్యి ఆనించేవారు. వానాకాలమైతే తలెత్తి స్లాబు వైపు చూసేవారు, ఎక్కడన్నా చెమ్మ దిగిందేమోనని. వంటింట్లోకి ఎన్నిసార్లు పిలిచినా రాలేదు. "అద్దె తీసుకుంటూ మీ గిన్నెలు చూడ్డమేంటండీ" అనేవారు. తన ఇంట్లో ఆవిడ వాడుకున్నవి ఆ బాత్రూమూ ఆ కుర్చీ మాత్రమే.

లోను ఎంతవరకు తీరిందో ఊళ్ళ పేర్లతో చెప్పేవారు. గుడివాడ నుంచి బందరు రావాలంటే గుడ్లవల్లేరు, కవుతరం, పెడన దాటాలి. ఆ నూట ఎనభై వాయిదాల్నీ ఆ దారి పొడుగునా పరిచేసుకున్నారు. "గుడ్లవల్లేరు దాటాం టీచరమ్మా" అంటే యాభై తీరినట్టు. కవుతరం అంటే ఇంచుమించు సగం. పెడన వచ్చిన నెల నిజంగానే పెడనలో దిగి, కలంకారీ అద్దకం గుడ్డ కొనుక్కొచ్చి నాకు విప్పి చూపించారు. "ముందుగది కిటికీకి. ఇప్పుడు కాదులెండి, నేనొచ్చాక" అని మళ్ళీ మడిచి సంచీలో పెట్టుకున్నారు. లోను తీరగానే బందరు డిపోకి ట్రాన్స్‌ఫర్ పెట్టుకోవాలని, పొద్దున డ్యూటీకి ఇక్కణ్ణించే నడిచి వెళ్ళాలని ఆవిడ ఆశ. అంతకుమించి ఆవిడ నోటివెంట ఇంకో కోరిక నేను వినలేదు.

అద్దె విషయంలో ఆవిడకో న్యాయం ఉండేది. మేం చేరినప్పుడు మూడున్నర వేలు. నాలుగేళ్ళయ్యాక, పక్కిళ్ళలో అందరూ పెంచుతుంటే, మా ఆయన మర్యాదకి "ఎంత పెంచమంటారండీ" అని అడిగారు.

"బ్యాంకోళ్ళు నా వాయిదా పెంచారా?" అన్నారు పిన్నిగారు.

"లేదు కదండీ."

"మరి నేను మీ అద్దె ఎందుకు పెంచాలి? వాళ్ళు పెంచిననాడు నేనూ పెంచుతాను."

కరోనా అప్పుడు షాపు మూతపడి మా ఆయనకి జీతం రాలేదు, నాకు సగమే వచ్చింది. ఏమడుగుతారోనని భయపడుతుంటే ఆవిడే ఫోన్ చేశారు. "బ్యాంకోళ్ళు కొన్నినెలలు కట్టక్కర్లేదన్నారండి. నన్ను వదిలేసినన్ని నెలలు నేనూ మిమ్మల్ని వదిలేస్తాను." తర్వాత ఆ అద్దె ఎప్పుడూ అడగలేదు. బ్యాంకు మాత్రం ఆ నెలల వడ్డీని వదిలెయ్యలేదని, అసలులో కలిపిందని చాలా ఆలస్యంగా తెలిసింది. మా పిల్ల ఆ ఏడు కాలేజీ మానకుండా చదివిందంటే పిన్నిగారి చలవే.

ఇప్పుడు నా తప్పు రాయాలి. ఈ నాలుగు ముక్కలు రాయడం మొదలుపెట్టింది అందుకే.

బ్యాంకు ఉత్తరాలు ఇంటి అడ్రసుకి, అంటే మా చేతికి వచ్చేవి. ఆవిడ ఏడో తరగతి మధ్యలో చదువు ఆపి, తర్వాత ప్రైవేటుగా పదో తరగతి కట్టినావిడ. ఇంగ్లీషు ఉత్తరమంటే జంకు. "మీరు చదివి ఏముందో చెప్పండి టీచరమ్మా" అని ముందే చెప్పారు. లోను మూడో ఏట మొదటి ఉత్తరం వచ్చింది. వడ్డీ రేటు మారిందని పైన ఉంది. మీ నెలవాయిదాలో మార్పు లేదని ఆ కిందే ఉంది. నేను వెంటనే ఫోన్ చేసి, "వడ్డీ ఏదో మారిందట పిన్నిగారూ, మీకేం ఫరవాలేదు, వాయిదా పెరగలేదు" అని చెప్పాను. "హమ్మయ్య" అన్నారు ఆవిడ. తర్వాత ఇంకో రెండు ఉత్తరాలు అలాంటివే వచ్చాయి. నేను అదే మాట చెప్పాను. ఆవిడా అదే మాట అన్నారు.

ఆ ఉత్తరంలో ఇంకో వాక్యం ఉంది. మిగిలిన గడువు తదనుగుణంగా సవరించబడినది అని. నేను చదవలేదని చెప్పి తప్పించుకోలేను, చదివాను. పిల్లలకి పాఠంలో ప్రతి మాటకీ అర్థం చెప్పించే నేను, ఆ మాట దగ్గర ఆగి, ఎటు సవరించారు, ఎంత సవరించారు అని అడగలేదు. వాయిదా పెరగలేదన్న ముక్క చూడగానే నా ప్రాణం కుదుటపడింది. ఎందుకు కుదుటపడిందో నాకు బాగా తెలుసు. వాయిదా పెరగకపోతే మా అద్దె పెరగదు.

పోయిన ఏడాది నూట ఎనభయ్యో వాయిదా కట్టారు. అంతకు మూడునెలల ముందే మాతో, "ఏమనుకోకండి, ఇంక నేనొచ్చేస్తాను, నిదానంగా ఇల్లు చూసుకోండి" అని చెబితే, మేం చూసుకోవడం కూడా మొదలుపెట్టాం. కాగితాలు తెచ్చుకోడానికి బ్యాంకుకి నన్ను తోడు రమ్మన్నారు. ఆ రోజు సెలవు పెట్టి, ఖాకీ కోటు లేకుండా, జరీ అంచు చీరలో వచ్చారు. చేతిలో అరకిలో బందరు లడ్డూల డబ్బా, బ్యాంకువాళ్ళకి పంచడానికి.

ఆఫీసరమ్మ కంప్యూటరులో చూసి, "ఇంకా నలభై ఒక్క వాయిదాలు ఉన్నాయండి" అన్నారు.

"నూట ఎనభై కట్టేశానమ్మా. నా దగ్గర లెక్క ఉంది."

"కట్టారండి, అందులో తేడా లేదు. మధ్యలో వడ్డీ పెరిగింది కదండీ. వాయిదా పెంచలేదు కాబట్టి గడువు పెరిగింది. రేట్లు తగ్గినప్పుడు మీరొచ్చి అర్జీ పెట్టుకుంటే తగ్గించేవాళ్ళం, మీరు పెట్టలేదు. ప్రతిసారీ ఇంటి అడ్రసుకి ఉత్తరం పంపాం."

భూమి చీలితే అందులోకి దిగిపోదామనిపించింది నాకు. పిన్నిగారు నా వైపు చూడలేదు. "ఉత్తరాలు మా టీచరమ్మ చదివి చెప్పారండి. ఆవిడ చెప్పడంలో లోపం లేదు" అన్నారు ఆఫీసరమ్మతో. నేను అప్పటికింకా ఒక్క మాట కూడా మాట్లాడలేదు, ఆవిడే నన్ను వెనకేసుకొచ్చారు.

తర్వాత అక్కడే కాగితం అడిగి తీసుకుని లెక్క వేశారు. టిక్కెట్ల లెక్క కదా, ఆవిడకి ఎంతోసేపు పట్టదు. పది లక్షల లోనుకి పద్దెనిమిది లక్షలు అప్పటికే కట్టారు. ఇంకో నాలుగు లక్షల పైన కట్టాలి. మొత్తం ఇరవై రెండు లక్షలు. కాగితం మీద ఆ అంకె కింద రెండు గీతలు గీసి, "మొదట్లోనే వాయిదా పెంచుకుని ఉంటే ఎంత పెంచాల్సొచ్చేదమ్మా?" అని అడిగారు.

ఆఫీసరమ్మ మీటలు నొక్కి చూసి చెప్పారు. "నెలకి ఇంకో తొమ్మిది వందలు కట్టుకుని ఉంటే ఈపాటికి అయిపోయేదండి."

తొమ్మిది వందలు. పక్కిళ్ళలో అందరూ పెంచినట్టు మా అద్దె పెంచి ఉంటే అంతకంటే ఎక్కువే వచ్చేది.

పిన్నిగారు లేచి నిలబడి, లడ్డూల డబ్బా ఆఫీసరమ్మ బల్ల మీద పెట్టారు. "తెచ్చినవి వెనక్కి పట్టుకెళ్తే ఏం బాగుంటుంది, తినండి" అన్నారు. బయటికొచ్చాక ఆటో ఎక్కబోతూ నాతో, "మీరింక ఇల్లు వెతకడం ఆపెయ్యండి" అన్నారు.

వారం రోజులు నాకు అన్నం సయించలేదు. ఆ పాత ఉత్తరాలు మూడూ వెతికి తీసి, సెలవునాడు గుడివాడ వెళ్ళాను. ఆవిడ గది చూడటం అదే మొదలు. ఒక మంచం, ఒక స్టవ్వు, గోడన ఉతికి ఆరేసిన ఖాకీ కోటు. ఉత్తరాలు ముందు పెట్టి, నేను చదివినా పట్టించుకోని వాక్యం చూపించి, అద్దె పెరుగుతుందన్న భయం నా మనసులో ఉన్న సంగతి కూడా చెప్పేశాను. ఏడుస్తూనే చెప్పాను.

ఆవిడ ఉత్తరాలు మడిచి నా చేతికి తిరిగి ఇచ్చేశారు. తర్వాత అన్నారు, "మీరు చెప్పింది అబద్ధం కాదు కదండీ. వాయిదా పెరగలేదు. ఇంకా ఎన్ని అని నేనడగాలి. ఇరవై ఎనిమిదేళ్ళు బస్సులో చూశాను టీచరమ్మా, ఎక్కినవాళ్ళందరూ టిక్కెట్టు ఎంత అనే అడుగుతారు. ఎన్నింటికి చేరుతుందని అడిగేవాళ్ళు తక్కువ. నేనూ వాళ్ళలాగే ఎక్కాను."

నేను కవరులో మూడువేలు ఎక్కువ పెట్టి తీసుకెళ్ళాను, ఆ నెల నుంచీ అద్దె పెంచి ఇద్దామని. తీసుకోలేదు. "ఇప్పుడు తీసుకుంటే మీ మీద కోపంతో తీసుకున్నట్టుంటుంది, వద్దు" అన్నారు. నేను మరీ గట్టిగా బలవంతపెట్టలేదు. ఇంటికొచ్చే దారిలో ఆ మూడువేలు నా సంచీలోనే ఉన్నందుకు ఏ మూలో కాస్త నిశ్చింతగా కూడా అనిపించింది. అదీ దాచకుండా రాస్తున్నాను.

ఆ తర్వాత కూడా నెలనెలా వచ్చారు. ఎండు రొయ్యలు తెచ్చారు, మా పిల్లకి ఉద్యోగం ఎప్పుడని అడిగారు, స్లాబు వైపు చూశారు. కానీ ఊళ్ళ పేర్లు చెప్పడం మానేశారు. నేనూ అడగలేదు. పది వాయిదాలు అలా గడిచాయి. చదివేవాళ్ళలో ఎవరికైనా అలాంటి ఉత్తరం వస్తే దయచేసి చివరిదాకా చదవండి. వాయిదా ఎంత అని కాదు, ఇంకా ఎన్ని అని బ్యాంకుకి వెళ్ళి అడగండి. మీకు వచ్చింది కాకపోతే, అది ఎవరిదో వాళ్ళకి అన్ని వాక్యాలూ చెప్పండి.

ఆ మంగళవారం, కండక్టరమ్మ ఫోన్ చేసిన రెండు మూడు గంటల తర్వాత, పిన్నిగారి తమ్ముడు ఫోన్ చేశారు. నాగాయలంక నుంచి గుడివాడ ఆస్పత్రికి అప్పుడే చేరారట. మాట్లాడటానికి మొహమాటపడుతున్నారని గొంతులోనే తెలిసింది.

"గదిగలాయన అక్కని లోపలికి తేవద్దంటున్నారండి. వాళ్ళని అనడానికి లేదు, ఇంట్లో పెళ్ళి పెట్టుకున్నారు. ఆస్పత్రి నుంచి అటే శ్మశానానికి తీసుకెళ్ళిపొమ్మంటున్నారు అందరూ. సొంతిల్లుండి కూడా అలా చేస్తే..." అని ఆగిపోయారు. "మీకు అభ్యంతరం లేకపోతే, ఒక్క గంట, బందరు తెచ్చి వరండాలో ఉంచుకుంటాం. లోపలికి తేములెండి."

ఆవిడ వాయిదాలు కట్టుకుంటున్న ఇంట్లోకి ఆవిడని తేవడానికి నా పర్మిషన్ అడుగుతున్నాడాయన. మా ఆయన ఫోన్ అందుకుని, "లోపలికే తీసుకురండి బాబూ, ముందుగదిలోకి. ఆవిడిల్లు" అని చెప్పి, అప్పటికప్పుడు మంచం, టీవీ బల్ల బయటికి లాగేశారు.

పన్నెండింటికి తెచ్చారు. ఐసు పెట్టెలో పడుకోబెట్టి ముందుగది మధ్యలో ఉంచారు. తల ఎటు పెట్టాలో, దక్షిణం ఎటో వచ్చినవాళ్ళకి తెలీదు, నన్నడిగారు. పెట్టెకి కరెంటు ఎక్కడ పెట్టాలో నన్నడిగారు. నీళ్ళ బిందె ఎక్కడో, స్నానానికి తడిక ఎటు కట్టాలో నన్నే అడిగారు. ఆ ఇంట్లో ఏది ఎక్కడుందో ఆవిడవాళ్ళలో ఒక్కరికీ తెలీదు. మరదలు గది గదీ తిరిగి చూసి వచ్చి, "మంచి ఇల్లండీ" అని, పిన్నిగారి కాళ్ళ దగ్గర కూలబడి ఏడ్చింది. డిపోవాళ్ళు ఖాకీ బట్టల్లోనే వచ్చి దండలు వేసి వెళ్ళారు. మిగిలిన ముప్పై ఒక్క వాయిదాల సంగతి డిపో నుంచి వచ్చే డబ్బుతో తేల్చేస్తానని తమ్ముడు మా ఆయనతో అంటుంటే విన్నాను. గంట అన్నవాళ్ళు మూడు గంటలున్నారు. ఆవిడ తన ఇంట్లో అంతసేపు ఉండటం అదే మొదలు.

మూడింటికి తీసుకెళ్ళారు. వీధిలో పెద్దావిడ ఒకరు నా చేతికి బకెట్టు అందించి, ఇల్లు కడగాలి, ఆలస్యం చెయ్యకమ్మా అన్నారు. నీళ్ళు పట్టుకుని ముందుగదిలోకి వెళ్ళాను. నేల మీద, ఐసు పెట్టె ఉన్నంత మేర చెమ్మ దిగి తడిగా ఉంది. మనిషి పొడుగున, గది మధ్యలో. ఇంకెవరూ దాని మీద అడుగు పెట్టలేదు. నేను బకెట్టు గుమ్మం దగ్గర దించేసి, గోడవారన కూర్చున్నాను. ఫ్యాను వెయ్యలేదు. ఆ తడి అంచుల నుంచి కొంచెం కొంచెంగా లోపలికి తగ్గుతూ వచ్చింది. అది దానంతటది ఆరిపోయేదాకా నేను ఇల్లు కడగలేదు.